సూర్యకాంతంగారికి బాకీ

(మహాసభల సాహిత్య వేదిక మీద చేసిన ప్రసంగ పాఠం)



ఈ వేదిక నిర్వాహకులు నాకు ఫోన్ చేసి, "అమ్మా, పాత తెలుగు సినిమాల్లోని గొప్ప నటీమణుల్లో ఒకరి గురించి ఇరవై నిమిషాలు మాట్లాడాలి, ఎవరి గురించి మాట్లాడతారు?" అని అడిగారు. సూర్యకాంతంగారి గురించి అన్నాను. అవతల కాసేపు చప్పుడు లేదు. ఆ తరువాత నవ్వు. "బావుందండీ, సరదాగా ఉంటుంది. భోజనాలకి ముందు పెడదాం" అన్నారు.

ఆ నవ్వు గురించే నేనివాళ మాట్లాడబోతున్నాను. భోజనాలు మాత్రం ఆలస్యం కానివ్వను. ఆవిడ పేరు చెప్పి ఎవరినీ ఆకలితో కూర్చోబెట్టకూడదు. ఎందుకో మీకే తెలుస్తుంది.

ముందు చిన్న ప్రశ్న. ఈ హాల్లో సావిత్రి అనే పేరున్నవాళ్ళని చెయ్యెత్తమంటే ఎన్ని చేతులు లేస్తాయో చెప్పలేం. జమునలు ఉంటారు, అంజలులు ఉంటారు. సూర్యకాంతం అనే పేరున్నవాళ్ళు? నేను ఈ దేశానికి వచ్చి నలభై అయిదేళ్ళు దాటింది. ఎన్నో మహాసభలకి వెళ్ళాను, ఎందరి మెడలోనో వేలాడే పేరు అట్టలు చదివాను. ఆ పేరున్న తెలుగమ్మాయి ఒక్కతీ నాకు తగల్లేదు. ఎంత చక్కటి పేరండీ అది! సూర్యకాంతమంటే ఎండ తగలగానే నిప్పులు చిమ్మే మణి అని మన కావ్యాల్లో చెబుతారు. అటువంటి పేరుని ఒక్క మనిషి తన నటనతో తెలుగునాట ఇంకెవరూ పెట్టుకోకుండా చేసేసింది. సినిమావాళ్ళు ఆవిడ ఎదుటే ఈ మాట అని నవ్వించేవారట. ఏ నటికైనా ఇంతకంటే పెద్ద బిరుదు ఏముంటుంది? అదే సమయంలో, ఇంతకంటే పెద్ద అన్యాయం కూడా ఏముంటుంది?

ఆవిడ 1924 అక్టోబరు 28న కాకినాడ దగ్గర వెంకటకృష్ణరాయపురంలో పుట్టారు. మద్రాసు వెళ్ళి సినిమాల్లో అడుగుపెట్టింది 1946లో, 'నారద నారది'తో. మొదట్లో చిన్నచిన్న వేషాలే. 1950లో ఎల్.వి. ప్రసాద్‌గారి 'సంసారం' వచ్చింది. అందులో గయ్యాళి వేషం వేశారు. అప్పటికి ఆవిడకి ఇరవై ఆరేళ్ళు మించి లేవు. ఆ వేషం ఆవిడని పట్టుకుంది, జన్మలో వదల్లేదు.

ఇక్కడ ఒక లెక్క చెబుతాను, వేళ్ళ మీద వేసుకోండి. నాగేశ్వరరావుగారు, సూర్యకాంతంగారు ఒకే ఏడాది, నెలా పది రోజుల లోపు తేడాతో పుట్టారు. ఆయనే పెద్ద. రామారావుగారు ఆవిడకంటే ఏడాదిన్నర పెద్ద. 'గుండమ్మ కథ' 1962 జూన్‌లో విడుదలైంది. అప్పటికి గుండమ్మగారి వయసు ముప్ఫయి ఏడు, పెద్దల్లుడి వయసు ముప్ఫయి తొమ్మిది! అయిదేళ్ళు వెనక్కి వెళితే 1957లో 'మాయాబజార్' ఉంది. అందులో ఎస్వీ రంగారావుగారు ఘటోత్కచుడు, ఈవిడ ఆయన తల్లి హిడింబి. రంగారావుగారు 1918లో పుట్టినవారు. అంటే కొడుకు తల్లికంటే ఆరేళ్ళు పెద్ద. చూస్తున్నప్పుడు మనకి ఒక్కసారైనా అనుమానం వచ్చిందా? "ఈవిడేమిటి, ఆయనకి తల్లేమిటి?" అనుకున్నామా? అనుకోలేదు. ఎందుకంటే ఆవిడ నడిచి వస్తే అరవయ్యేళ్ళ సంసారం నడిచి వచ్చినట్టుండేది.

ఆ హిడింబిని ఒకసారి గుర్తు తెచ్చుకోండి. పుట్టుకకి రాక్షసి. కానీ సుభద్రా అభిమన్యులు తన చోటికి వస్తే ఎంత ఆదరంగా చూస్తుంది! వచ్చింది భర్త తమ్ముడి భార్య, తోడికోడలు. అయినా ఆ ముఖంలో గయ్యాళితనం జాడ కూడా లేదు. ఆ రోజుల్లో రాక్షసి వేషంలో ఆవిడ చూపించిన తల్లిప్రేమ మనకి గుర్తులేదు, మానవ వేషంలో చూపించిన రాక్షసత్వమే గుర్తుంది. తప్పు ఆవిడది కాదు. మనం ఏది గుర్తుపెట్టుకోవాలనుకున్నామో దాన్నే పెట్టుకున్నాం.

గయ్యాళి వేషాలన్నీ ఒకటే అని కూడా అనుకుంటాం. కాదు. 1952లో 'పెళ్ళిచేసి చూడు'లో చుక్కలమ్మ ఉంది. 1957లో 'తోడికోడళ్ళు'లో రేలంగిగారి భార్య అనసూయ ఉంది. ఆ అనసూయ అత్తగారు కాదు, తోడికోడలు. ఉమ్మడి సంసారంలో ఎవరికెంత ముడుతోందో కళ్ళతోనే తూకం వేసే మనిషి. 1961లో 'కలసి ఉంటే కలదు సుఖం'లో ఇల్లు రెండు ముక్కలు కావడానికి కారణమైన ఇల్లాలు సౌభాగ్యమ్మ. అదే ఏడాది 'వెలుగు నీడలు'లో కనకదుర్గమ్మ. పిల్లలు లేక ఒక పాపని పెంచుకుని, తరువాత తన కడుపున బిడ్డ పుట్టగానే ఆ పెంచిన పిల్లని బరువనుకునే తల్లి. అనసూయది ఓర్వలేనితనం. సౌభాగ్యమ్మది చెప్పుడుమాటలు వినే బలహీనత. కనకదుర్గమ్మది తన బిడ్డకి ఎక్కడ తక్కువైపోతుందోనన్న భయం. గొంతు ఒకటే, చీరకట్టు ఒకటే, కానీ లోపలి మనిషి వేరు. ఒకే కూరగాయతో నాలుగు కూరలు చెయ్యడం ఎంత కష్టమో వంటచేసేవాళ్ళకి తెలుస్తుంది.

ఇంక ఆ చెయ్యి! ఆవిడది ఎడమచేతివాటం. ఎడమచెయ్యి ఆడిస్తూ, మెడ పక్కకి తిప్పి, మాట చివర సాగదీసి అంటే ఎదుటివాడు ఎంతటివాడైనా ఒక అడుగు వెనక్కి వెయ్యాల్సిందే. మన ఇళ్ళల్లో పిల్లల ఎడమచేతివాటం మాన్పించడానికి వాతలు పెట్టిన రోజులవి. ఆవిడ దాన్నే ఆస్తి చేసుకున్నారు.

మాట సంగతి వేరే చెప్పాలి. ఎత్తిపొడుపు, దెప్పు, నిష్ఠూరం, సాధింపు, శాపనార్థం, రాగంతీసి ఏడవడం. ఇవన్నీ ఒకటి కాదు, ఒక్కోదానికి ఒక్కో స్వరం ఉంది. పూర్వం మన పెరటి గుమ్మాల్లో, నూతి గట్ల మీద వినిపించిన ఆడవాళ్ళ తెలుగు ఇది. పుస్తకాల్లో దొరకదు. మన పిల్లలకి మనం ఇక్కడ బడి పెట్టి అక్షరాలు నేర్పుతున్నాం, పద్యాలు కంఠస్థం చేయిస్తున్నాం. చాలా మంచిది. నిష్ఠూరం ఎలా ఆడాలో ఎవరు నేర్పుతారు? "పోనీలే తల్లీ, మాకెందుకూ" అనే మాటలో ఎన్ని అర్థాలున్నాయో ఏ వాచకంలో ఉంది? ఆవిడ సినిమాల్లో ఉంది. డి.వి. నరసరాజుగారి వంటి రచయితలు రాసిన మాటలకి ఆవిడ నోట గోదావరి నీళ్ళు తగిలాయి.

ఇప్పుడు 'గుండమ్మ కథ' దగ్గరికి వద్దాం. విజయా వారి సినిమా. కమలాకర కామేశ్వరరావుగారి దర్శకత్వం. రామారావు, నాగేశ్వరరావు, రంగారావు, సావిత్రి, జమున, రమణారెడ్డి, ఛాయాదేవి, రాజనాల, హరనాథ్. ఎవరి పేరు పెట్టినా జనం వస్తారు. అంతమందిని పెట్టుకుని సినిమాకి ఎవరి పేరు పెట్టారు? ఒక గయ్యాళి సవతితల్లి పేరు. ఇద్దరు అగ్రనాయకులున్న సినిమాకి సహాయనటి పాత్ర పేరు పెట్టడం ఎక్కడైనా చూశారా? ఇవాళ పెడతారా? ఆ ఒక్క విషయం చాలు, ఆవిడ స్థానం ఏమిటో తెలియడానికి.

ఈ సినిమా నేను ఎన్నిసార్లు చూశానో లెక్కలేదు. కానీ సరిగ్గా చూసింది ఒక్కసారే. అదీ మా అత్తయ్యగారి పక్కన కూర్చుని. ఆ సంగతి మీకు చెప్పాలి. ఇంతవరకూ ఎవరికీ చెప్పలేదు.

నేను 1979లో పెళ్ళి చేసుకుని క్లీవ్‌లాండ్ వచ్చాను. అప్పట్లో తెలుగు సినిమా చూడడమంటే పండగ. సంఘం వాళ్ళు ఎక్కడినుంచో రీళ్ళు తెప్పించి, ఏ స్కూలు ఆడిటోరియమో అద్దెకి తీసుకుని, ఆదివారం మధ్యాహ్నం వేసేవారు. రీలు మార్చేటప్పుడు సమోసాలు, టీ. తరువాత వీసీఆర్లు వచ్చాయి, ఇండియన్ దుకాణాల్లో పప్పుల పక్కన కాసెట్లు అద్దెకి దొరికేవి. 1986లో మా అత్తయ్యగారు ఆరు నెలలుండడానికి వచ్చారు. కోనసీమ మనిషి. మా మామగారు పోయేటప్పటికి ఆవిడకి ముప్ఫయి నాలుగేళ్ళు, ముగ్గురు పిల్లలు.

మాకిద్దరికీ మొదటి వారంలోనే చుక్కెదురు. ఫ్రిజ్‌లో పెట్టిన అన్నం తినేవారు కాదు. పాలు కాచకుండా పిల్లలకి ఇస్తే ఊరుకునేవారు కాదు. నేను కొన్న ప్రతి వస్తువూ ఎంతకి కొన్నానో అడిగి, రూపాయల్లోకి మార్చి, గుండెల మీద చెయ్యి వేసుకునేవారు. గొంతు కూడా పెద్దదే. పక్కింటి తెల్లవాళ్ళు ఒకసారి తలుపు కొట్టి అంతా క్షేమమేనా అని అడిగి వెళ్ళారు. ఒక రోజు నేను వంటింట్లోంచి స్నేహితురాలితో ఫోన్లో మాట్లాడుతూ, "మా ఇంట్లో సినిమా కాసెట్లు అక్కర్లేదే, సూర్యకాంతం స్వయంగా వేంచేసింది" అన్నాను. ఇద్దరం పగలబడి నవ్వుకున్నాం. ఫోన్ పెట్టేసి వెనక్కి తిరిగితే అత్తయ్యగారు గుమ్మంలో ఉన్నారు, చేతిలో కరివేపాకు.

ఆవిడ ఏమీ అనలేదు. అది నన్ను ఇంకా భయపెట్టింది. కరివేపాకు గట్టు మీద పెట్టి వెళ్ళిపోయారు.

రెండు వారాల తరువాత మావారు 'గుండమ్మ కథ' కాసెట్ తెచ్చారు. ఆరేళ్ళది, నాలుగేళ్ళవాడు, మా ఇద్దరు పిల్లలూ మామ్మకి చెరోపక్క. నేను సోఫా చివర ముళ్ళ మీద కూర్చున్నట్టు కూర్చున్నాను. పిల్లలు గుండమ్మ అరిచినప్పుడల్లా కిలకిలా నవ్వుతున్నారు. అంజి పప్పు రుబ్బుతుంటే నవ్వుతున్నారు. అత్తయ్యగారు కూడా నవ్వారు. సినిమా చివరికి వచ్చింది. దుర్గమ్మ ఆ ఇంట్లో చేరి గుండమ్మని గదిలో పెట్టి తలుపేస్తుంది. ఇన్నాళ్ళూ ఇల్లంతా అదరగొట్టిన మనిషి ఆ గదిలో ముడుచుకుని కూర్చుంటుంది. తను దాసీకంటే హీనంగా చూసిన సవతి కూతురే చివరికి దిక్కవుతుంది. అక్కడ మా అత్తయ్యగారు టీవీ వైపు చూస్తూనే, ఎవరితోనూ కానట్టు అన్నారు:

"మగదిక్కు లేని ఇంట్లో ఆడదాని నోరే తలుపు గడియ. అది ఊడితే ఎవడైనా లోపలికొస్తాడు."

అంతే. పిల్లలకి అర్థం కాలేదు. నాకు అర్థమైంది. కాలవ కింద రెండెకరాలు పెట్టుకుని, కౌలు ఎగ్గొట్టే రైతుతోటీ, గట్టు జరిపే పక్కపొలం వాడితోటీ, పంపకం అడిగే మరుదులతోటీ ముప్ఫయి నాలుగేళ్ళ విధవరాలు ఏ ఆయుధంతో పోట్లాడింది? చదువు లేదు, లాఠీ లేదు, ఉన్నది గొంతు. ఆ గొంతుతో కాపాడిన రెండెకరాల్లో ఒక ఎకరం అమ్మే మావారిని ఇంజనీరింగ్ చదివించారు. ఆయన ఆ చదువుతో అమెరికా వచ్చారు. ఆ అమెరికాలో నేను ఫ్రిజ్ పక్కన నిలబడి ఆవిడ గొంతు మీద హాస్యం ఆడాను.

అప్పుడు తెలిసింది నాకు, గుండమ్మ ఎవరో. భర్త పోయాడు. పెద్ద ఇల్లు, ఆస్తి. చుట్టూ ఆ ఆస్తి మీద కన్నేసిన ఘంటయ్యలాంటివాళ్ళు. చెప్పుడుమాటలు వింటుంది, సవతి కూతుర్ని హింసపెడుతుంది, అది తప్పే. ఎవరూ కాదనరు. కానీ ఆ నోరు ఎందుకొచ్చిందో ఆ సినిమాలో ఎవరూ చెప్పలేదు, సూర్యకాంతంగారు మాత్రం చూపించారు. గదిలో తలుపు పడ్డాక ఆ ముఖంలో కనిపించేది పశ్చాత్తాపం ఒక్కటే కాదు. గడియ ఊడిన ఇల్లు కనిపిస్తుంది. మూడు గంటలు నవ్వించి, నిలువునా తిట్టించుకుని, అయిదు నిమిషాల్లో కళ్ళు తుడుచుకునేలా చెయ్యడం మాటలు కాదు.

ఇదంతా మనకే పరిమితం కాదని చెప్పడానికి, మా ఊరి ఆడపడుచు ఒకావిడ సంగతి చెబుతాను. మా ఊరంటే క్లీవ్‌లాండ్. ఆవిడ పేరు మార్గరెట్ హామిల్టన్. 1902లో అక్కడ పుట్టి, అక్కడే పసిపిల్లలకి పాఠాలు చెప్పిన పంతులమ్మ. 1939లో వచ్చిన 'ద విజార్డ్ ఆఫ్ ఓజ్' సినిమాలో ఆకుపచ్చ ముఖంతో కనిపించే మంత్రగత్తె ఆవిడే. ఆ సినిమా ఏటా టీవీలో వేసేవారు. మా పిల్లలిద్దరూ ఆవిడ రాగానే సోఫా వెనక దాక్కునేవారు. ఆ షూటింగులో మంటలు అంటుకుని ఆవిడకి ముఖమూ చెయ్యీ కాలాయి, ఆరు వారాలు మంచం మీద ఉండి మళ్ళీ వచ్చి వేషం పూర్తిచేశారు. తరువాత ఎన్ని సినిమాలు చేసినా, 1970లలో కాఫీపొడి ప్రకటనల్లో ఎంత మంచి ముసలమ్మగా కనిపించినా, పిల్లలకి మాత్రం ఆవిడ మంత్రగత్తే. పిల్లలని ప్రేమించే పంతులమ్మని చూసి పిల్లలు జడుసుకోవడం! ఎంత బాధో ఊహించండి.

1975లో ఫ్రెడ్ రోజర్స్ అనే మహానుభావుడు తన పిల్లల కార్యక్రమానికి ఆవిడని పిలిచారు. మీలో ఇక్కడ పిల్లల్ని పెంచినవాళ్ళందరికీ ఆయన తెలుసు. ఆవిడ మామూలు బట్టల్లో వచ్చి కూర్చుని కబుర్లు చెప్పారు. ఆ తరువాత అందరూ చూస్తుండగానే ఆ నల్ల బట్టలు ఒక్కొక్కటే వేసుకుని, టోపీ పెట్టుకుని, ఇదంతా వేషమే, లోపల ఉన్నది నేనే అని చూపించారు. నేను ఆ కార్యక్రమం చాలా ఏళ్ళ తరువాత, మా మనవరాలితో కలిసి చూశాను. చూస్తుంటే ఒకటే ఆలోచన. సూర్యకాంతంగారిని అలా పిలిచి, ఆ చీర కొంగు బొడ్లో దోపకముందు ఎలా ఉంటారో మన పిల్లలకి చూపించినవారున్నారా? మనకి ఆ ఓపిక లేకపోయింది. కనిపిస్తే భయపడ్డాం, కనిపించకపోతే నవ్వుకున్నాం.

ఆ కొంగు బొడ్లో దోపకముందు ఆవిడ ఎలా ఉండేవారో తోటి నటీనటులు చెబుతూనే వచ్చారు. షూటింగుకి ఇంటినుంచి రకరకాల వంటలు చేయించుకుని తెచ్చి, పెద్ద నటుల దగ్గరనుంచి చిన్న పనివాళ్ళ దాకా పిలిచి వడ్డించేవారట. ఈ ఒక్క సంగతి చెప్పనివాళ్ళు లేరు. తెర మీద సవతి కూతురి నోటి దగ్గర కూడు లాక్కునే మనిషి, తెర వెనక అందరి విస్తళ్ళూ నింపేవారు. అందుకే అన్నాను, ఆవిడ పేరు చెప్పి ఎవర్నీ ఆకలితో కూర్చోబెట్టకూడదని.

ఇంకో సంగతి గమనించండి. కథానాయికల కాలం చిన్నది. పదేళ్ళు, పదిహేనేళ్ళు, మహా అయితే ఇరవయ్యేళ్ళు. ఆ తరువాత వదినలు, ఆ తరువాత తల్లులు. ఈవిడ మొదటే అత్తగారయ్యారు కనక వయసు ఆవిడని ఏమీ చెయ్యలేకపోయింది. 1974లో రంగారావుగారు, రమణారెడ్డిగారు పోయారు. 1975లో రేలంగిగారు పోయారు. 1982లో రామారావుగారు రాజకీయాల్లోకి వెళ్ళారు. ఆవిడ వేషాలు వేస్తూనే ఉన్నారు. ఆవిడ సినిమాల్లోకి వచ్చిన తొమ్మిదేళ్ళకి పుట్టిన చిరంజీవిగారితోనూ నటించారు. 1994లో వచ్చిన 'ఎస్.పి. పరశురాం' ఆవిడ చివరి సినిమాల్లో ఒకటి. ఆ డిసెంబరులోనే వెళ్ళిపోయారు. 1946 నుంచి 1994 దాకా, నలభై ఎనిమిదేళ్ళు. తెలుపు నలుపు నుంచి రంగుల్లోకి, మద్రాసు నుంచి హైదరాబాదుకి సినిమా మారింది కానీ ఆ గొంతు మారలేదు.

హాలీవుడ్‌లో సహాయ నటీనటులకి ఆస్కారు బహుమతి 1936 సినిమాల నుంచే ఉంది. అయినా థెల్మా రిట్టర్ అనే మహానటి ఆరుసార్లు పోటీలో నిలిచి ఒక్కసారీ గెలవలేదు. అక్కడా అంతే. మన ఇద్దరు నాయకులకీ 1968లో పద్మశ్రీలొచ్చాయి, రావలసినవే. సూర్యకాంతంగారికి ఏ పద్మ పురస్కారమూ రాలేదు. రంగారావుగారికీ రాలేదనుకోండి. సావిత్రిగారి జీవితం మీద 2018లో 'మహానటి' సినిమా వస్తే మనమందరం ఇక్కడ థియేటర్లు నింపి ఏడ్చి వచ్చాం. ఆ మహానటిని తెర మీద ఏడిపించిన మహానటి కూడా ఒకావిడ ఉందని మనకి గుర్తురాలేదు. గయ్యాళి గట్టిగా కొడితేనే కదా కథానాయిక కన్నీరు నిజమనిపించేది!

2024లో ఆవిడ శతజయంతి వచ్చింది, వెళ్ళింది. అందుకే ఈ ఏడు నాకు మాట్లాడే అవకాశం ఇస్తే ఆవిడ పేరే చెప్పాలనుకున్నాను.

మా అత్తయ్యగారు ఆ తరువాత ఇంకో మూడుసార్లు వచ్చారు. మా మధ్య తగాదాలు తగ్గలేదు, అబద్ధమెందుకు చెప్పాలి. పాలు కాచే విషయంలో చివరిదాకా ఎవరి పట్టు వారిదే. కానీ ఆవిడ గొంతు పెద్దదైనప్పుడు నేను ఫోన్ తియ్యడం మానేశాను. ఆ రోజు నేనన్న మాటకి క్షమించమని అడగాలని ఎన్నోసార్లు అనుకున్నాను. రేపు, రేపు అనుకుంటూనే ఉన్నాను. 2003లో ఊళ్ళో ఆవిడ పోయారు. నేను వెళ్ళేసరికి అన్నీ అయిపోయాయి. మిగిలిన ఆ ఒక్క ఎకరం గట్టు మీద నిలబడితే, పక్కపొలం ఆయన వచ్చి, "మీ అత్తగారు బతికుండగా ఈ గట్టు బెత్తెడు కూడా కదల్లేదమ్మా" అన్నారు. ఆయనకి కోపమో, గౌరవమో నాకు తెలియలేదు. రెండూ కావచ్చు.

ఇప్పుడు నేనూ అత్తగారినే. మా కోడలు మిన్నెసోటా పిల్ల, సూర్యకాంతంగారెవరో తెలియదు. ఆ విధంగా నేను బతికిపోయాను. (ఇక్కడ మీరు నవ్వచ్చు.)

పెద్ద సందేశమేదీ ఇవ్వను. మూడు చిన్న మనవులు మాత్రం చేసుకుంటాను.

ప్రతి మహాసభల్లోనూ మన పిల్లలు హాస్య నాటికలు వేస్తారు. అందులో ఒక గయ్యాళి అత్త తప్పకుండా ఉంటుంది. చెంగు బిగించి, చెయ్యి ఊపి, నాలుగు తిట్లు తిడితే చప్పట్లు. వెయ్యండి, వద్దనను. ఈసారి ఆ వేషం వేసే అమ్మాయికి సూర్యకాంతంగారి సినిమా ఒకటి పూర్తిగా చూపించండి. తిట్లు మాత్రమే కాదు, తిట్టాక ఆవిడ ముఖం ఎలా మారుతుందో చూడమనండి.

రెండోది. మీ ఇంట్లో 'గుండమ్మ కథ' పెట్టినప్పుడు, అయిపోయాక పిల్లలని ఒక ప్రశ్న అడగండి. గుండమ్మకి అంత నోరు ఎందుకు వచ్చింది? వాళ్ళు చెప్పే జవాబులు వినండి. మనకంటే బాగా చెబుతారు.

మూడోది. ఈ హాల్లో వెనక వరసల్లో, ఆరు నెలల వీసా మీద వచ్చి, చలికి స్వెట్టరు మీద చీర సర్దుకుంటూ కూర్చున్న తల్లులు, అత్తగార్లు చాలామంది కనిపిస్తున్నారు. పొద్దున్నుంచి మనమే మాట్లాడుతున్నాం, వాళ్ళు వింటున్నారు. వాళ్ళ నోరు వాళ్ళ ఇంటికి ఏమి కాపాడిందో ఒక్కసారి అడగండి. గొంతు పెద్దదైతే ఇంకా మంచిది, నేనైతే ఆ గొంతు రికార్డు చేసి పెట్టుకునేదాన్ని. నా దగ్గర మా అత్తయ్యగారి ఫొటోలున్నాయి, ఆవిడ గొంతు లేదు. ఆవిడ గొంతు వినాలనిపిస్తే నేను ఇప్పటికీ సూర్యకాంతంగారి సినిమా పెట్టుకుంటాను.

భోజనాలు సిద్ధమయ్యాయని చెబుతున్నారు. వెళ్ళండి, కడుపునిండా తినండి. పక్కవాళ్ళ విస్తరిలో ఏం తగ్గిందో చూసి వడ్డించండి. ఆవిడకి మనమున్న బాకీలో అది మొదటి వాయిదా.